పడుగు కట్టిన రాయి

కోర్టు కమిషన్ అంటే ఏమిటో చాలామందికి తెలియదు. సరిహద్దు తగాదా వచ్చినప్పుడు జడ్జిగారు కుర్చీ వదిలి నేల దగ్గరికి రాలేరు. అందుకని ఒక వకీలును కమిషనర్‌గా వేసి, పోయి ఆ నేలను చూసి, కొలిపించి, ఉన్నది ఉన్నట్టు రాసుకురమ్మని పంపుతారు. కమిషనర్ వెంట తాలూకా సర్వేయర్ టేపు పట్టుకొని వస్తాడు. ఈ ఇద్దరి వెనకాల చంకలో రాత అట్ట పెట్టుకొని ఒక గుమాస్తా వస్తాడు. ఆ మూడోవాణ్ణి నేను. పేరు పద్మనాభన్. వేలూరు కోర్టును పట్టుకొని ముప్పై ఒక్క ఏళ్లుగా వేలాడుతున్నాను. తిరువలం చెరకు మడుల నుంచి ఆలంగాయం కొండ కింది చింతతోపుల దాకా ఎండలో నిలబడి కమిషనర్లు చెప్పింది రాశాను, వాళ్లు చెప్పడం మరిచింది కూడా రాశాను. నాకు తెలుగు మాట ఇంట్లోనే వచ్చింది కానీ, అక్షరాలు మాత్రం చిత్తూరు కోర్టుకు పోయివచ్చే బస్సుల బోర్డులు చదివి నేర్చుకున్నాను. ఇందులో తప్పులుంటే ఆ బస్సులదే పాపం.

చూడనిది రాయకూడదు, చూసింది వదలకూడదు. నాకున్న చదువంతా ఈ రెండు ముక్కలే. ఈ విషయంలో కాస్త పొగరు కూడా ఉండేది. పద్మనాభన్ రాస్తే గట్టు మీది చీమ కూడా తప్పించుకోదని వకీళ్లు వెక్కిరించేవాళ్లు, నేను దాన్ని మెచ్చుకోలుగానే తీసుకునేవాణ్ణి. ఇప్పుడు ఆ పొగరు లేదు. ఎందుకు లేదో చెప్పాలంటే తంగమ్మ గురించి చెప్పాలి.

తంగమ్మది గుడియాత్తంలో నేతగాళ్ల వీధి. అరవై ఏడేళ్లు. ఆమె మీద వేసిన దావా తొమ్మిది అడుగుల నేల గురించి. ఆ తొమ్మిది అడుగుల్లో ఆమె కూతురు ఉంది. ఇలాంటి మాటను దాచిపెట్టి చివర చెప్పి జనాన్ని ఉలిక్కిపడేట్టు చేసేవాళ్లుంటారు. నాకు ఆ విద్య చేతకాదు, చేతనైనా చెయ్యను. నలభై ఏళ్ల కిందట జ్వరంతో పోయిన నాలుగేళ్ల పిల్ల, పేరు పాపాతి, ఆ నేలలో పడుకొని ఉంది. ఆ బిడ్డ తన వాకిలి దాటి వేరేవాళ్ల పాలు కాకూడదని తప్ప, ఆ నేలతో తంగమ్మకు ఇంకో పని లేదు. ఈ సంగతి దావా కాయితాల్లో లేదు. ఆమె వకీలుకు కూడా తెలియదు.

పదహారేళ్ల వయసులో ఆలంగాయం నుంచి ఆ వీధికి కోడలుగా వచ్చింది. మొగుడు శివప్రకాశం లుంగీలు నేసేవాడు. ఇంట్లో తెలుగు, అంగట్లో తమిళం, చదువు మాత్రం ఏ భాషలోనూ లేదు. తమిళంలో సంతకం పెడుతుంది, అదీ ముగ్గు వేసినట్టు మెల్లగా, చుక్క తప్పకుండా. పనిలో మాత్రం ఆమె చేతికి తిరుగు లేదంటారు. తెగిన పోగును కళ్లు మూసుకొని అతికేదట. ఆ వీధిలో పడుచుపిల్లలకు నూలు కండెలు చుట్టడం నేర్పింది ఆమే.

మగ్గం ఇంట్లో ఉంటుంది గానీ, మగ్గం ఎక్కకముందు పడుగుకు ఆరుబయలు కావాలి. నిలువు పోగులన్నిటినీ ఈ కొస నుంచి ఆ కొసకు బిగించి కట్టి, గంజి పట్టించి, పెద్ద కుంచెతో దువ్వాలి. ఎండ ముదరకముందే అయిపోవాలి. ఎండెక్కితే గంజి బిగిసి పోగులు ఒకదానికొకటి అంటుకుంటాయి, వారం కష్టం మట్టిపాలవుతుంది. అందుకని ఒక్కడి వల్ల అయ్యే పని కాదు. ఈ కొస నుంచి ఒకడు, ఆ కొస నుంచి ఒకడు దువ్వుకుంటూ వచ్చి నడిమధ్యలో కలుసుకోవాలి. శివప్రకాశం ఇంటి పక్కగా పొడుగ్గా, సన్నగా ఒక జాగా ఉంది. పడమట దాని కొసన పక్కింటి రంగరాజులు నేల మొదలవుతుంది. అతనూ నేతగాడే. ఒకనాడు ఇతని పడుగు, ఇంకోనాడు అతని పడుగు. తూర్పు నుంచి శివప్రకాశం, పడమటి నుంచి రంగరాజులు దువ్వుకుంటూ వచ్చి మధ్యలో ఎదురుపడి, ఒక బీడీ ముట్టించి ఇద్దరూ తాగేవాళ్లు. ముప్పై ఏళ్లు అట్లా గడిచాయి.

తూర్పు కొసన పడుగు తాడు కట్టడానికి ఒక కొయ్య గుంజ ఉండేది. పడమటి కొసన గుంజ అక్కర్లేదు, అక్కడ నడుమెత్తు నల్లరాయి నాటి ఉంది. అది రెండు నేలల మధ్య సర్వేవాళ్లు ఏ కాలంలోనో పాతిన హద్దు రాయి. వీళ్లకు ఆ సంగతి తెలియక కాదు. కానీ రోజూ తాడు కట్టి, బిగించి, విప్పి, మళ్లీ కట్టీ కట్టీ, వీళ్ల లెక్కలో అది పడుగు రాయి అయిపోయింది.

ఒక ఏడాది నూలు ఇచ్చే షావుకారు ఇంకా పొడుగు పడుగులు కావాలన్నాడు. జాగా తొమ్మిది అడుగులు తక్కువ పడింది. శివప్రకాశం దిగాలుగా కూర్చుంటే రంగరాజులు గడ్డపార తెచ్చాడు. రాయిని పెకలించి తొమ్మిది అడుగులు తన నేలలోకి జరిపి నాటారు. అంతే సంగతి. కాయితం లేదు, కరణం లేదు. కొలిచింది కూడా టేపుతో కాదు, పడుగుతోనే.

రెండేళ్ల తర్వాత వానాకాలంలో పాపాతికి జ్వరం వచ్చింది. మూడో రోజుకు పోయింది. చిన్నపిల్లల్ని కాల్చరు, పూడ్చాలి. పూడ్చే చోటు కౌండిన్య నదికి అవతలి ఒడ్డున ఉంది. ఏరు రెండు గట్లూ ఒరుసుకొని పారుతోంది. ఒక పగలంతా చూశారు, మర్నాడు కూడా నీళ్లు తగ్గలేదు. ఇంక ఆ చిన్న ఒంటిని ఇంట్లో ఉంచుకోలేక, జరిపిన రాయికి మూడడుగులు ఇవతల, శివప్రకాశం, రంగరాజులు ఇద్దరే గుంత తీశారు. నేల నాది, బిడ్డ మనది, ఇక్కడే ఉండనీ అని రంగరాజులు అన్నాడట. ఊళ్లో మాత్రం ఎవరికీ చెప్పలేదు. చెబితే పెద్దలు ఊరుకోరు, ఇళ్ల మధ్య పూడ్చడమేమిటని తీయించి ఏరు దాటిస్తారు.

అప్పటి నుంచి పడుగు వేసిన ప్రతి పొద్దునా తంగమ్మ గంజి కుండ పట్టుకొని రాయి కొసనే నిలబడేది. ఇంకో కొసకు ఎవరు రమ్మన్నా పోయేది కాదు. ఆమెకు మళ్లీ పిల్లలు పుట్టలేదు.

మూడేళ్ల తర్వాత రంగరాజులుకు కొడుకు పుట్టాడు, గోపినాథ్. తల్లికి ఒంట్లో బాగుండేది కాదు. కాళ్ల మీద వేసుకొని నూనె రాసి నీళ్లు పోసిందీ, చందమామను చూపించి బువ్వ పెట్టిందీ తంగమ్మే. వాడు పెద్దమ్మా అని పిలుస్తూ ఆ జాగాలోనే పరుగులు నేర్చాడు. తర్వాత్తర్వాత పడుగులు గంజి పట్టించుకొని మిల్లు నుంచే రావడం మొదలైంది. చేతిమగ్గాలు ఒక్కొక్కటిగా ఆగిపోయాయి. శివప్రకాశం పోయాడు. ఆ తర్వాత మూడేళ్లకు రంగరాజులూ పోయాడు. రాయి మాత్రం నిలబడి ఉంది.

గోపినాథ్‌కు ఆంబూరులో బూట్ల ఫ్యాక్టరీలో ఉద్యోగం. పెళ్లయింది, ఇల్లు కట్టాలనుకున్నాడు. ప్లాను గీయిస్తే పత్రంలో ఉన్న కొలతకు నేల తొమ్మిది అడుగులు తక్కువ వచ్చింది. పెద్దమ్మను అడిగాడు. రాయి ఎక్కడుందో అదే హద్దు అని ఆమె అంది. ఇంకా అడిగితే లోపలికి పోయి కూర్చుంది. వాడికి మనసు కష్టమైంది. తనకు బువ్వ తినిపించిన మనిషే తన నేల మింగిందని అనుకున్నాడు. దావా వేశాడు. వాణ్ణి చెడ్డవాడని నేను అనను. చెడ్డవాళ్లే దావాలు వేసేటట్టయితే కోర్టులు ఎప్పుడో మూతపడేవి.

పోయిన ఏటి ముందటి ఏడాది, ఆషాఢం గాలులు వీచే ఆడి నెలలో కమిషన్‌కు పోయాం. కమిషనర్ వినోదిని అనే అమ్మాయి. ముప్పై ఏళ్లు కూడా ఉండవు, నిదానస్తురాలు, చెప్పులు విడిచి నేల తొక్కి చూసే రకం. గోపినాథ్ తరఫున ఆర్కాడు నుంచి ఒక వకీలు వచ్చాడు. తంగమ్మ వకీలు తాను రాకుండా జూనియర్‌ను పంపాడు. ఆ జూనియర్ వచ్చిన దగ్గర నుంచి వీధి మలుపులో ఫోన్ మాట్లాడుతున్నాడు. గాలికి కాయితాలు ఎగిరిపోతున్నాయి. సర్వేయర్ పాత పటం పరిచి, నేల నాలుగు మూలల రాళ్ల కోసం వెదికాడు. రెండు రోడ్డు కిందికి పోయాయి, ఒకటి ఎవరి ఇంటి మెట్టుగానో మారింది. మిగిలింది ఈ ఒక్క రాయి. గంటన్నర చెమటలు కక్కి, చివరకు ఈ రాయినే ఆధారంగా పెట్టుకొని గీత లాగుదామని అతను కమిషనర్‌తో అన్నాడు.

ఆ మాట నిలిచి ఉంటే తొమ్మిది అడుగులూ తంగమ్మకే ఉండేవి. ఆమె గడపలో నిలబడి ఉంది. ఆమె మొహంలో నలభై ఏళ్ల బరువు దిగడం నేను చూశాను, ఎందుకో అప్పుడు తెలియలేదు.

పాడు చేసింది నేనే.

మా నాయన కూడా నేతగాడే. నాకు పదేళ్లప్పుడు మగ్గం అమ్మేసి వేలూరు వచ్చేశాం. ఆ రాయి పక్కన నిలబడి ఉంటే నా చెయ్యి దాని మీద పడింది. నడుమున వేలు దూరేంత లోతున గాడులు పడి ఉన్నాయి. నున్నగా, తాడు ఒరిసి ఒరిసి పడిన గాడులు. ఎన్నేళ్ల తర్వాతో మా నాయన గంజి కుండ వాసన ముక్కుకు తగిలినట్టయింది. పని మీద వచ్చానన్నది మరిచి, తెలుగులో అడిగాను.

"అమ్మా, ఇది పడుగు కట్టిన రాయి గదా?"

ఆమె గబగబా మెట్టు దిగి వచ్చింది. ఆ రాయి గురించి ఆమెను ఎవరూ ఏమీ అడిగి ఇరవై ఏళ్లయి ఉంటుంది.

"అవు నాయనా. నీకెట్ల తెలిసె? నేతోళ్ల బిడ్డవా? పదారు లుంగీల పడుగు కట్టినాము దీనికి. మొదుట్లో ఆ పొడుగు చాలకపోయె. అప్పుడు ఈ గోపీ వాళ్ల నాయనే గడ్డపార ఎత్తుకొని వచ్చినాడు. జరుపు శివా, అవతల ఉండేది నా నేలే గదా అన్నాడు. ఇద్దురూ పెకలించి ఈడ నాటినారు. అదో, ముందు ఆడ ఉన్నింది. అట్లాంటి మనిషి నాయనా ఆయన."

ఆమె సంతోషంగా చెబుతోంది. రంగరాజులు తమకు ఆ నేల ప్రేమగా ఇచ్చాడని చెబితే, అదే తన హక్కుకు సాక్ష్యమని ఆమె అనుకుంది. నోటితో ఇచ్చిన మాటే ఆ ఇద్దరు మగవాళ్లకూ పత్రం, ఆమెకూ అంతే. పడుగు ఎట్లా పరవాలో తెలిసినంత బాగా ఈ సంగతి ఆమెకు తెలుసు. దావాల్లో దాన్ని ఏమంటారో తెలియదు.

ఆర్కాడు వకీలుకు తెలుగు రాదు. ఆమె ఏమంటోందని నన్ను అడిగాడు. అక్కడ తెలుగు తెలిసిన గోపినాథ్ తల వంచుకొని నిలబడ్డాడు, నోరు తెరవలేదు. నేను ఒక్క క్షణం ఆగి ఉండొచ్చు. ఏదో పాత మాటలు చెప్పుకుంటోందని అనొచ్చు. నేను పద్మనాభన్‌ను కదా, చీమను కూడా వదలను కదా. ఒక్క ముక్క పోకుండా తమిళంలో చెప్పాను. చెబుతుండగానే చెప్పకూడనిది చెబుతున్నానని తెలుస్తూనే ఉంది, అయినా నోరు ఆగలేదు.

ముందు రాయి ఎక్కడుండేదని సర్వేయర్ అడిగాడు. ఆమె పోయి, అటూ ఇటూ చూసి, ఒకచోట మడమ అదిమి చూపించింది. అక్కడ తవ్వమంది. పెకలించేటప్పుడు అడుగున జానెడు ముక్క విరిగి భూమిలోనే ఉండిపోయిందని చెప్పింది. రెండు అడుగులు తవ్వితే విరిగిన నల్లరాతి ముక్క బయటపడింది. రాయి మొదట్లో మట్టి తీసి, విరిగిన చోట దాన్ని పెట్టి చూస్తే సరిగ్గా అతికింది.

"చూస్తిరా, నేను చెప్పలా?" అని ఆమె మావైపు చూసి నవ్వింది.

ఆ నవ్వు నాకు ఇప్పటికీ అన్నం తినేటప్పుడు గుర్తుకొస్తుంది.

సర్వేయర్ గీత మార్చి లాగాడు. నేను రాశాను. ప్రతివాది తన భర్త, వాది తండ్రి కలిసి సర్వే రాయిని అసలు చోటు నుంచి తొమ్మిది అడుగులు పడమటికి జరిపినట్టు ఒప్పుకొన్నది అని. ఒక మనిషి ఇంకో మనిషికి చేసిన మంచి పని నా పెన్ను కింద నేరంలాగా తయారైంది. ఒక్క మాట కూడా అబద్ధం లేదు. వినోదిని చదివి, నిట్టూర్చి, సంతకం పెట్టింది. అందరూ పెట్టారు. తంగమ్మ కూడా చుక్క తప్పకుండా పెట్టింది.

గీత కొత్త చోట సున్నంతో పోశాక ఆమెకు అర్థమైంది. సున్నం గీత ఆమె ఇంటికీ పాపాతికీ మధ్య నుంచి పోయింది. అందరూ కారు దగ్గరికి పోతుంటే ఆమె నా చొక్కా చెయ్యి పట్టుకొని ఇంటి గోడ పక్కకు లాగింది. అప్పుడు చెప్పింది. పైన రాసిందంతా అప్పుడూ ఆ తర్వాతా ఆమె నోటి వెంట నేను విన్నదే.

"ఆ మేడమ్‌తో చెప్పు నాయనా. ఆడ మా పాప ఉండాదని రాయమను. నేల వాణ్ణే ఎత్తుకోమను. పాప ఉండాదని మాత్రం రాస్తే చాలు."

కారులో వినోదినికి చెప్పాను.  కాట్పాడి దగ్గర పడ్డాక ఆమె అంది, రాస్తే అది నిజమో కాదో చూడాలని అవతలి వకీలు అడుగుతాడు, చూడాలంటే తవ్వాలి, తవ్వితే పోలీసులూ డాక్టరూ వస్తారు. ఆ తల్లి కళ్ల ముందు ఆ పని చేయించడం నా చేత కాదు, పద్మనాభన్ గారూ.  నేనూ వద్దనే అన్నాను. రిపోర్టు మూడో పేజీలో ఆ చోటు గురించి ఇంగ్లీషులో ఒక వాక్యం ఉంది. ఈ భాగంలో చెప్పుకోదగ్గది ఏమీ లేదు అని. టైపు కొట్టింది నేనే.

చట్టం సంగతి కూడా చెప్పాలి, లేకపోతే నా కడుపు మంట ఆరదు. ఒకరి నేలను పన్నెండేళ్లకు పైగా, నాదేనని ఎదిరించి, బాహాటంగా పట్టుకొని ఉంటే ఆ నేల పట్టుకున్నవాళ్లకే దక్కే దారి ఒకటి ఉంది. తంగమ్మ వాళ్లు పట్టుకొని నలభై ఏళ్లు దాటింది. అయితే సొంతదారు ఒప్పుకొని ఇస్తే అది ఎదిరించి పట్టుకోవడం కాదు, ఎన్నేళ్లయినా ఆ దారి మూసుకుపోతుంది. రాత్రికి రాత్రి రాయిని దొంగతనంగా జరిపి లాక్కున్నామని చెప్పి ఉంటే ఆమె గెలిచేదేమో. ఆ మనిషి మంచివాడు, ప్రేమగా ఇచ్చినాడు అని చెప్పింది కాబట్టి ఓడిపోయింది. ముప్పై ఒక్క ఏళ్లలో నాకు ఈ చట్టం మీద ఇంత కోపం ఎప్పుడూ రాలేదు. ఆ చట్టానికి ఆ మాటను మోసుకుపోయి అందించింది నేను గనక నా మీద ఇంకా ఎక్కువ వచ్చింది.

ఏడాదికి తీర్పు వచ్చింది. గోపినాథ్ గెలిచాడు. అప్పీలుకు పోదామని ఆమె వకీలు అంటే ఆమె వద్దందట.

తీర్పు వచ్చిన రెండు నెలలకు, కోర్టు సెలవు రోజున, ఎవరికీ చెప్పకుండా గుడియాత్తం బస్సు ఎక్కాను. రిపోర్టు నకలు ఒకటి సంచిలో పెట్టుకున్నాను. ఎందుకు పెట్టుకున్నానో నాకే తెలియదు. ఉత్త చేతులతో పోలేక అనుకుంటాను.

నేను పోయేసరికి పునాది అయిపోయి, గోడలు నడుమెత్తు లేచి ఉన్నాయి. నల్లరాయి పెకలించి ఇసుక కుప్ప పక్కన పడేశారు. తంగమ్మ నడవలో కూర్చొని ఎవరివో కండెలు చుడుతోంది. నన్ను గుర్తుపట్టి, రా నాయనా కూర్చో అంది. కోపం లేదు. కోపం ఉంటే నాకు కొంచెం తేలికగా ఉండేది.

గోపినాథ్‌కు ఇప్పుడైనా చెప్పకూడదా అని అడిగాను. ముందే చెప్పి ఉంటే వాడు ఆ ఒక్క మూల వదిలేసి కట్టుకునేవాడు, అంత చెడ్డవాడు కాదు అన్నాను. ఆమె కండె ఆపింది.

"వాడి పెండ్లాం నీళ్లోసుకొని ఉండాది నాయనా. ఇన్నేండ్లకు నిలిచింది. ఇంటి కింద బిడ్డ ఉండాదని తెలిస్తే ఆ పిల్ల ఆ ఇంట్లో కాలు పెడతాదా? భయంతో ఏమన్నా అయితే? వాళ్ల నాయన మాకు నేల ఇచ్చినాడు. నేను వాడికి నిద్ర లేకుండా చేసేదా?"

 పునాది తవ్విన మూడు రోజులూ ఆమె ఇదే నడవలో కూర్చొని, యంత్రం తోడిపోసిన మట్టిని ముద్ద ముద్దగా చూసిందట. కూలివాళ్లు టీ తాగడానికి పోయినప్పుడు పోయి చేత్తో కెలికిందట. పాపాతిని పూడ్చినప్పుడు చేతులకు ఎర్రగాజులున్నాయి.

"ఏమీ రాలా నాయనా. గాజుముక్క కూడా రాలా. వస్తే వాళ్లు చూస్తారేమోనని ఒక భయం, రాకపోతే నా బిడ్డ యాడికి పోయిందని ఒక భయం. మట్టి మట్టిగానే వచ్చింది."

 బయట కాంక్రీటు కలిపే మిషను తిరుగుతోంది. పాపాతికి పుట్టిన కాయితం లేదు, పోయిన కాయితం లేదు, ఒక ఫోటో కూడా లేదు. ఆ కాలంలో ఆ వీధిలో ఎవరికీ లేవు. మొగుడు పోయాడు, రంగరాజులు పోయాడు. ఆ పిల్ల ముఖం ఎరిగిన కళ్లు ఈ లోకంలో ఆమెవి రెండే. ఆమె నా సంచి వైపు చూసింది.

"అది కోర్టు కాయితమా?"

అవునన్నాను.

"మా పాప ఉండాదా అందులో? ఆ పొద్దు మేడమ్‌తో చెప్తానంటివే."

చూడనిది రాయనివాణ్ణి, రాయనిది చదవనివాణ్ణి. కాయితం తీసి, కళ్లద్దాలు పెట్టుకొని, మూడో పేజీ తిప్పాను. కొలతలు తెలుగులో చదువుకుంటూ వచ్చాను. ఉత్తరాన ఇన్ని అడుగులు, దక్షిణాన ఇన్ని అడుగులు. ఆ వాక్యం దగ్గరికి వచ్చాను. ఆగకుండా చదివాను.

"రాయికి మూడడుగులు తూర్పున, శివప్రకాశానికీ తంగమ్మకూ పుట్టిన బిడ్డ పాపాతి ఉండాది."

ఆమె ఇంకోసారి చదవమంది. చదివాను. ఏ వరసలో ఉందో చూపించమంది. చెప్పుకోదగ్గది ఏమీ లేదన్న వాక్యం మీద వేలు పెట్టి చూపించాను. ఆమె చీర కొంగుతో చెయ్యి తుడుచుకొని, ఆ వరస మీద ఈ కొస నుంచి ఆ కొస దాకా వేలితో మెల్లగా నిమిరింది. నిమురుతున్నంతసేపూ వేలు వరస తప్పలేదు. కాయితం తన దగ్గరే ఉంచుకోవచ్చా అని అడిగింది. ఉంచుకోమన్నాను.

నేను మెట్లు దిగి వీధిలోకి వచ్చేశాక వెనక నుంచి పిలిచింది. కాయితం రెండు చేతులతో పట్టుకొని గడపలో నిలబడి ఉంది.

"నాలుగేండ్లని కూడా రాసినారా నాయనా?"

"రాసినాము అమ్మా" అన్నాను.